అప్పీలు కొట్టేశారంటే హక్కు లేదని కాదు

(నల్గొండ, మహబూబ్‌నగర్ జిల్లాల మహిళా కార్యకర్తల శిక్షణ తరగతిలో చేసిన ప్రసంగ పాఠం)



నన్ను స్త్రీలు - ఆస్తి హక్కు అనే విషయం మీద మాట్లాడమన్నారు. ఆస్తిలో ఆడపిల్లకు వాటా ఉండాలా వద్దా అన్న చర్చ మన సభల్లో చాలా కాలంగా జరుగుతోంది. ఉండాలని చట్టం ఒప్పుకుంది. అందుకని ఈరోజు ఆ చర్చను మళ్లీ ఎత్తుకోను. చట్టం ఒప్పుకున్న వాటా ఏ మెట్టు దగ్గర చేజారుతున్నదో చెబుతాను. కోర్టులో వాదించి ఓడిపోవడం ఒకటి. అసలు వాదనే జరగకుండా పోగొట్టుకోవడం మరొకటి. ఈ రెండోదాని గురించి మనం దాదాపు మాట్లాడుకోం. కోర్టు కాగితం మీద అది ఒకటి రెండు ముక్కల్లో అయిపోతుంది: అప్పీలుదారు హాజరు కాలేదు, అప్పీలు కొట్టివేయడమైనది.

నల్గొండ, మహబూబ్‌నగర్ అని పాత పేర్లతోనే మాట్లాడతాను. 2016 అక్టోబరులో జిల్లాలు విడిపోయాయి. సూర్యాపేట, యాదాద్రి భువనగిరి, నాగర్‌కర్నూల్, వనపర్తి, జోగులాంబ గద్వాల జిల్లాలు వచ్చాయి. 2019లో నారాయణపేట వచ్చింది. 2022 జూన్‌లో ఇవన్నీ వేరువేరు న్యాయ జిల్లాలు కూడా అయ్యాయి. కోర్టు ఊరికి దగ్గరగా రావడం మంచిదే. అయితే ఒక కోర్టు రెండైనప్పుడు ఫైళ్లు కదులుతాయి, కేసు నంబర్లు మారుతాయి. పాత నంబరు ఉన్న చీటీ పట్టుకుని పాత కోర్టు మెట్ల మీద కూచున్న మనిషికి తన కేసు ఇంకో ఊళ్లో పిలిచారని ఎవరు చెబుతారు? ఈ ప్రశ్న గుర్తుంచుకోండి. మళ్లీ దీని దగ్గరికే వస్తాం.

ఏం జరుగుతుంది

ముందు చట్టం ఏం చెబుతుందో చూద్దాం. భూమి పంపకం కోసమో, హక్కు ప్రకటన కోసమో ఒక స్త్రీ కింది కోర్టులో దావా వేసి ఓడిపోయిందనుకోండి. ఆమెకు అప్పీలు హక్కు ఉంది. జిల్లా స్థాయి కోర్టుల్లో అయితే ముప్పై రోజుల్లో, హైకోర్టుకైతే తొంభై రోజుల్లో వేయాలి. అప్పీలు వేశాక పేషీలు నడుస్తాయి. ఒక పేషీలో పేరు పిలిచినప్పుడు అప్పీలు వేసిన మనిషి గానీ ఆమె వకీలు గానీ లేకపోతే, కోర్టు ఆ అప్పీలును కొట్టివేయవచ్చు. ఇది 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 41వ ఆర్డరు, 17వ రూలు.

ఇక్కడ మూడు సంగతులు మనం బాగా పట్టుకోవాలి. మొదటిది, రూలులో ఉన్నది కొట్టివేయవచ్చు అని. కొట్టివేయాల్సిందే అని లేదు. జడ్జి ఇంకో వాయిదా ఇవ్వవచ్చు. రెండోది, మనిషి హాజరు కానప్పుడు ఆమె కేసులో బలం లేదని తీర్పు రాయడానికి వీల్లేదు. 1976లో కోడ్‌ను సవరించినప్పుడు ఈ సంగతి విడమరిచి చేర్చారు. 1996లో అబ్దుర్ రహమాన్ - అతీఫా బేగం కేసులో సుప్రీంకోర్టు దీన్నే మళ్లీ గట్టిగా చెప్పింది. అంటే గైరుహాజరీ కింద అప్పీలు పోయిన స్త్రీకి భూమి మీద హక్కు లేదని పైకోర్టు అనలేదు. ఆమె మాట వినలేదు, అంతే. మూడోది, ఇలాంటి కొట్టివేత చట్టం దృష్టిలో డిక్రీ కాదు. కనుక దీని మీద నేరుగా రెండో అప్పీలు ఉండదు. అదే కోర్టుకు వెళ్లి, నేను రాలేకపోవడానికి తగిన కారణం ఉంది, నా అప్పీలును మళ్లీ తీసుకోండి అని అడగాలి. ఇది 19వ రూలు. ఆ దరఖాస్తును కూడా కాదంటే అప్పుడు దాని మీద అప్పీలుకు పోవచ్చు.

ఫలితం మాత్రం ఓడిపోయినట్టే. కింది కోర్టు తీర్పు అలాగే నిలబడిపోతుంది. అవతలివాళ్లు ఆ కాగితం తీసుకుని తహసీలు ఆఫీసుకు వెళతారు, బ్యాంకుకు వెళతారు, భూమి కొనేవాడి దగ్గరికి వెళతారు. పైకోర్టులో కూడా ఓడిపోయింది అని ఊళ్లో చెబుతారు. కొంతకాలానికి ఆమె కూడా అదే నమ్ముతుంది.

హాజరు కానిది ఎవరు?

నేను సమాజశాస్త్రం చదువుకున్నదాన్ని. వకీలును కాను. నా పని చట్టం ఏమంటుందో చెప్పడం కన్నా, చట్టం ఒక మాట వాడినప్పుడు ఆ మాట కింద ఎలాంటి మనిషిని ఊహించుకుంటుందో చూడటం. కేసును పట్టించుకోని అప్పీలుదారు అనగానే ఎవరు కనిపిస్తారు? ఊరికే కాగితం వేసి, అవతలివాణ్ణి సతాయించి, తరవాత మరచిపోయిన వ్యాజ్యగాడు. అలాంటివాళ్లు లేరని కాదు. కానీ మన జిల్లాల్లో నేను మాట్లాడిన ఆడవాళ్లలో ఆ మనిషి నాకు కనిపించలేదు.

కొల్లాపూర్ వైపు ఒక వితంతువు సంగతి చెబుతాను. ఊరి పేరూ, ఆమె పేరూ చెప్పను. భర్త పోయాక మరుదులు భూమిలో భాగం లేదన్నారు. పంపకాలు ఎప్పుడో అయిపోయాయి, మా అన్న తన భాగం తినేశాడు అన్నారు. దావా వేసింది, ఓడిపోయింది. ఉన్న బంగారం కుదువబెట్టి అప్పీలు వేసింది. పనుంటే కబురు చేస్తాను, అప్పుడు వస్తే చాలు అన్నారు వకీలు. కబురు రాలేదు. ఆమె పిల్లలను తల్లి దగ్గర వదిలి గుంపు మేస్త్రీ వెంట పుణె వైపు కట్టడం పనికి పోయింది. ఈలోగా వకీలు హైదరాబాదుకు మకాం మార్చారు. ఆమె మాటల్లోనే వినండి: "కేసు నడుస్తున్నదనే అనుకున్న. మా మరిది ట్రాక్టరు తోలుకొచ్చి నా మడి దున్నుతుంటే అడ్డం పోయిన. నీ కేసు ఎప్పుడో కొట్టేసిండ్రు, పక్కకు జరుగు అన్నడు." అప్పీలు పోయిన సంగతి ఆమెకు కోర్టు చెప్పలేదు, వకీలు చెప్పలేదు. నాగలికర్రు చెప్పింది.

దేవరకొండ వైపు తండాల్లో విన్నది మరో రకం. పెళ్లయిన ఆడబిడ్డ తల్లిగారి భూమి కోసం కేసు వేస్తే, కోర్టుకు తీసుకుపోవడానికి మగదిక్కు కావాలి. భర్త వస్తాడు. భర్తకు కోపమొస్తే రాడు. లేకపోతే అక్క మొగుడు వస్తాడు. కాగితాలన్నీ ఆయన సంచిలో ఉంటాయి. వకీలు మాట్లాడేది ఆయనతోనే. ఒకరోజు ఆయనా బావమరుదులూ కూచుని మాట్లాడుకుంటారు. ఆ తరవాత పేషీకి ఎవరూ పోరు. కోర్టు రికార్డులో అప్పీలుదారు ఆమె. నిర్ణయం మాత్రం ఆమెది కాదు. రాజీ పత్రం రాస్తే ఆమె సంతకం అడగాలి. గైరుహాజరీకి సంతకం అక్కర్లేదు. అందుకే ఇది ఇంత సులువు.

ఇంకొకటి చిరునామా. చట్టానికి ప్రతి మనిషికీ ఒక పేరు, ఒక ఇంటిపేరు, ఒక ఊరు ఉంటాయి. మన ఆడవాళ్లకు తల్లిగారి ఊరొకటి, అత్తగారి ఊరొకటి, కూలికి పోయే ఊరొకటి. దావా తల్లిగారి ఇంటిపేరుతో ఉంటుంది, ఆధార్ కార్డు అత్తగారి ఇంటిపేరుతో ఉంటుంది. తల్లిగారింటి చిరునామాకు నోటీసు వస్తే అక్కడ తీసుకునేది ఎవరు? ఏ అన్నమీద కేసు వేసిందో ఆ అన్నే.

ఇక ఖర్చు. పేషీకి పోవాలంటే ఆ రోజు కూలి పోతుంది, బస్సు చార్జీ అవుతుంది, గుమాస్తాకు ఎంతో కొంత ఇవ్వాలి. సాయంత్రం దాకా కూచుంటే వాయిదా పడిందంటారు. ఇలా పది సార్లు అయ్యాక ఎవరైనా వకీలునే నమ్ముకుని ఇంటి దగ్గర ఉంటారు. ఉండమనేది కూడా వకీలే. మెట్టభూమి, వాన మీద బతుకు, ఏటా వలస ఉన్న జిల్లాలివి. పాలమూరు లేబర్ అన్న పేరు దేశమంతా తెలుసు. డ్యాములు కట్టడానికీ రోడ్లు వేయడానికీ ఏ ఊళ్ల మనుషులను తీసుకుపోతారో, ఆ ఊళ్ల మనుషులే పేషీ రోజున కోర్టులో నిలబడాలని మన విధానం ఆశిస్తుంది. ముస్లిం అక్కచెల్లెళ్లకు షరియత్ ప్రకారం వాటా ఉంది, హిందూ ఆడవాళ్లకు వారసత్వ చట్టం ప్రకారం ఉంది. గైరుహాజరీ దగ్గరికొచ్చేసరికి మతం తేడా లేదు. ఇద్దరి కథా ఒకటే.

ముప్పై రోజుల లెక్క

కొట్టేసిన అప్పీలును మళ్లీ తీసుకొమ్మని అడగడానికి గడువు ముప్పై రోజులు. ఇది 1963 లిమిటేషన్ చట్టం, 122వ ఆర్టికల్. ఈ ముప్పై రోజులు ఎప్పటి నుంచి లెక్కపెడతారు? కొట్టేసిన తేదీ నుంచి. ఆమెకు తెలిసిన తేదీ నుంచి కాదు.

దీని పక్కనే 123వ ఆర్టికల్ ఉంది. అది అవతలి పక్షం లేకుండా ఏకపక్షంగా డిక్రీ ఇచ్చినప్పుడు దాన్ని రద్దు చేయమని అడిగే గడువు. అదీ ముప్పై రోజులే. అయితే అక్కడ ఒక వెసులుబాటు ఉంది. సమన్లు గానీ నోటీసు గానీ సరిగా అందకపోతే, డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి లెక్క. అంటే తెలియని మనిషికి కాలం నడవకూడదన్న సూత్రం చట్టానికి తెలుసు. అప్పీలు వేసిన మనిషికి మాత్రం ఆ సూత్రం వర్తించదు. ఎందుకు? కేసు వేసింది నువ్వే, నీకు వకీలు ఉన్నాడు, కాబట్టి నీకు తెలిసే ఉంటుంది అన్న ఊహ. వకీలుకు తెలిసింది కక్షిదారుకు తెలిసినట్టే అన్న ఊహ. పట్నంలో కంపెనీ నడిపే మనిషి విషయంలో ఆ ఊహ నిజమే కావచ్చు. కొల్లాపూర్ వితంతువు విషయంలో అది కట్టుకథ. ఆ కట్టుకథ మీద ఆమె భూమి పోయింది.

గడువు దాటితే దారి లేదా? ఉంది. లిమిటేషన్ చట్టం 5వ సెక్షన్ కింద ఆలస్యాన్ని మన్నించమని అడగవచ్చు. తగిన కారణం చూపాలి. కరోనా కాలం గుర్తుందా? 2020 మార్చి 15 నుంచి 2022 ఫిబ్రవరి 28 దాకా గడువుల లెక్కలోంచి కాలాన్ని తీసేస్తూ సుప్రీంకోర్టు దేశమంతటికీ ఉత్తర్వులిచ్చింది. మనుషులు కదలలేని పరిస్థితి ఉందని కోర్టు తనంతట తాను గుర్తించింది. మంచి పని. మన జిల్లాల్లో ఏటా కొన్ని నెలలు ఊళ్లకు ఊళ్లే ఖాళీ అయ్యే పరిస్థితి కూడా అలాంటి కారణమే కదా అని మనం అడగాలి. అది అఫిడవిట్‌లో రాస్తేనే కోర్టు చూస్తుంది. ఒంట్లో బాగాలేదు అని వకీలు గుమాస్తా అందరికీ రాసే ఒకే ముక్క రాస్తే చూడదు.

చావుతో ఆగిపోయే అప్పీళ్లు

గైరుహాజరీ లాంటిదే ఇంకొకటి ఉంది. కేసు నడుస్తుండగా ఒక పక్షం మనిషి చనిపోతే, తొంభై రోజుల్లో వారసులను కేసులో చేర్చాలి. చేర్చకపోతే ఆ మేరకు అప్పీలు దానంతట అదే పడిపోతుంది. జడ్జి కొట్టేయాల్సిన పని కూడా లేదు. పడిపోయినదాన్ని లేపడానికి ఇంకో అరవై రోజులు. అదీ దాటితే మళ్లీ ఆలస్యాన్ని మన్నించమని అడుక్కోవాలి.

భర్త వేసిన అప్పీలు ఉందనే సంగతి భార్యకు తెలియకపోవడం మన ఇళ్లలో మామూలు. మనిషి పోయిన తొంభై రోజుల్లో దినకర్మలు, అప్పులవాళ్లు, పిల్లల బడి. ఆ పెట్టెలో ఉన్న కాగితాలు ఎవరు విప్పుతారు? అవతలి పక్షంలో మనిషి చనిపోయినా మనమే చేర్చాలి. పంపకం కేసుల్లో ప్రతివాదులు పది మంది ఉంటారు, ఏళ్లు గడుస్తాయి, ఒక్కొక్కరే పోతుంటారు. 1976 సవరణలో ఒక మంచి మాట చేర్చారు. తన కక్షిదారు చనిపోయిన సంగతి తెలిస్తే వకీలు కోర్టుకు చెప్పాలి, కోర్టు దాన్ని అవతలి పక్షానికి తెలపాలి. 22వ ఆర్డరు, 10-ఏ రూలు. ఈ రూలు మన కార్యకర్తలకు తెలిసి ఉండాలి. వారసులను చేర్చడంలో ఆలస్యమైతే, మాకు ఎవరూ చెప్పలేదు అనడానికి ఇది ఆధారం.

సుప్రీంకోర్టు ఏమన్నది

వకీలు రాకపోతే శిక్ష కక్షిదారుకా? 1981లో రఫీక్ - మున్షీలాల్ కేసులో జస్టిస్ డి.ఎ. దేశాయ్ దీని గురించే రాశారు. అలహాబాదు హైకోర్టులో అప్పీలు విచారణకు వచ్చినప్పుడు వకీలు లేరు. పల్లెలో ఉండే మనిషి వకీలును పెట్టుకుని, ఫీజు ఇచ్చి, తన పని తాను చేశాడు. వకీలు కోర్టుకు పోతున్నాడా లేదా అని వెంటబడి కాపలా కాయడం అతని పని కాదు. వకీలు తప్పుకు అమాయకుడైన కక్షిదారు నష్టపోకూడదు. ఆ తీర్పు సారాంశం ఇది. కోర్టులో మన వకీలు మొట్టమొదట చెప్పాల్సింది ఈ కేసు పేరే.

అవతలి వకీలు 1993 నాటి సలిల్ దత్తా కేసు చెబుతాడు. వకీలు మీద నెపం వేసి ప్రతివాళ్లూ తప్పించుకోవచ్చునన్న సంపూర్ణ సూత్రమేమీ లేదని సుప్రీంకోర్టు అందులో అన్నది. నిజమే. కానీ అక్కడ కక్షిదారు కలకత్తాలోనే ఆఫీసు ఉన్న ఒక ప్రైవేటు కంపెనీ. చదువు రాని పల్లెటూరి మనిషి కాదు. ఈ తేడా ఆ తీర్పులోనే ఉంది. మన స్త్రీ ఎక్కడుంటుంది, ఏం చదివింది, ఎవరి మీద ఆధారపడింది అన్న వివరాలు అఫిడవిట్‌లో రాయడం ఇందుకే అవసరం. సమాజశాస్త్రం కోర్టుకు పనికొచ్చే చోటు ఇది.

ఆలస్యాన్ని మన్నించడంలో ఉదారంగా ఉండాలని చెప్పడానికి అందరూ చూపే తీర్పు 1987 నాటిది, అనంతనాగ్ భూసేకరణ కలెక్టరు - ముసమ్మత్ కటీజీ కేసు. సాంకేతిక కారణాలా, అసలు న్యాయమా అన్న ప్రశ్న వచ్చినప్పుడు అసలు న్యాయం వైపే మొగ్గాలని అందులో చెప్పారు. ప్రతి రోజు ఆలస్యానికీ లెక్క చెప్పమనడంలో మొండితనం కూడదన్నారు. ఆ కేసులో ఆలస్యంగా వచ్చింది ఎవరు? కలెక్టరు. నాలుగు రోజులు ఆలస్యమైంది. కటీజీ అన్న స్త్రీ, మరికొందరు భూమి పోగొట్టుకుని ఎక్కువ పరిహారం తెచ్చుకున్నవాళ్లు. వాళ్లకు వ్యతిరేకంగా ప్రభుత్వం వేసిన అప్పీలు అది. దేశంలో ఆలస్యం గురించి చెప్పే ఎంతో ఉదారమైన సూత్రాలు ప్రభుత్వ కార్యాలయం ఆలస్యాన్ని మన్నించడానికి పుట్టాయి, అదీ ఒక స్త్రీ పేరు మీద. సూత్రం మంచిది, వదులుకోనక్కర్లేదు. కలెక్టరు ఆఫీసుకు దొరికిన ఉదారత్వం కలెక్టరు ఆఫీసు మెట్ల మీద కూచున్న మనిషికి కూడా దొరకాలని మనం పట్టుబట్టాలి.

అప్పీలు బతికి ఉంటే

బతికి ఉన్న అప్పీలుకు, చచ్చిన అప్పీలుకు తేడా ఎంత ఉంటుందో మన ఆస్తి చట్టం చరిత్రే చెబుతుంది.

ఆంధ్రప్రదేశ్ 1986లో హిందూ వారసత్వ చట్టాన్ని సవరించి, 1985 సెప్టెంబరు 5 నుంచి ఉమ్మడి ఆస్తిలో కూతుళ్లకు పుట్టుకతో హక్కు ఇచ్చింది. అంతకుముందే పెళ్లయినవాళ్లకు ఇవ్వలేదు. అప్పటికే నడుస్తున్న పంపకం కేసుల మాటేమిటన్న ప్రశ్న వచ్చింది. 1991లో ఎస్. సాయిరెడ్డి కేసులో సుప్రీంకోర్టు, ఫైనల్ డిక్రీ కానంత వరకు పంపకం పూర్తి కానట్టే, పెళ్లికాని కూతుళ్లు కొత్త హక్కు అడగవచ్చు అన్నది. 2005 సెప్టెంబరు 9 నుంచి కేంద్ర సవరణ వచ్చి పెళ్లయిన కూతుళ్లనూ కలుపుకుంది. 2011లో గండూరి కోటేశ్వరమ్మ కేసులో అదే సూత్రాన్ని మళ్లీ ఒప్పుకున్నారు. అదీ తెలుగు ఆడబిడ్డల కేసే. 2015లో ఫూలవతి కేసుతో చట్టం వెనక్కి నడిచింది. 2005 సెప్టెంబరు 9 నాటికి తండ్రి బతికి ఉంటేనే కూతురికి హక్కన్నారు. 2020 ఆగస్టు 11న వినీతా శర్మ కేసులో ముగ్గురు జడ్జీల బెంచి ఆ మాటను తీసేసింది. హక్కు పుట్టుకతో వచ్చింది, తండ్రి బతికి ఉన్నాడా లేదా అన్నదానితో పని లేదన్నది. ఫైనల్ డిక్రీ కేసుల్లో గానీ అప్పీళ్లలో గానీ పెండింగులో ఉన్న కూతుళ్లకు కొడుకులతో సమానంగా వాటా ఇవ్వమన్నది.

ఇప్పుడు ఇద్దరు ఆడబిడ్డలను ఊహించుకోండి. ఇద్దరి తండ్రులూ 2005కు ముందే పోయారు. ఇద్దరూ 2016లో ఫూలవతి తీర్పు వల్ల కింది కోర్టులో ఓడిపోయారు. ఇద్దరూ అప్పీలు వేశారు. ఒకామె అప్పీలు 2020 దాకా సాగుతూనే ఉంది. ఇంకొకామె అప్పీలు 2018లో పేరు పిలిచినప్పుడు ఎవరూ లేక కొట్టేశారు. 2020 ఆగస్టు వచ్చేసరికి మొదటామెకు వాటా వచ్చే దారి తెరుచుకుంది. రెండో ఆమె ముందు ఆ అప్పీలును లేపుకోవాలి, రెండేళ్ల ఆలస్యానికి లెక్క చెప్పాలి, ఆ తరవాతే కొత్త తీర్పు ఊసెత్తాలి. ఇద్దరి హక్కూ ఒకటే. మధ్యలో ఉన్న తేడా ఒక్క పేషీ. ఇరవై ముప్పై ఏళ్ల ఉద్యమాలు చట్టాన్ని మార్చాయి. ఆ మార్పు చేతికి అందాలంటే కేసు బతికి ఉండాలి.

రెండో వైపు

అయితే గైరుహాజరీ రూలునే ఎత్తేయమని అడుగుదామా? వద్దంటాను. కింది కోర్టులో గెలిచిన ఆడవాళ్లు కూడా ఉన్నారు. చెల్లెలికి వాటా వచ్చిందంటే అన్న వెంటనే అప్పీలు వేసి స్టే తెచ్చుకుంటాడు. ఇక ఆ తరవాత ఆయన వకీలు రాడు, వాయిదా, మళ్లీ వాయిదా. అప్పీలు గెలవాలని వేసిందే కాదు, చెల్లెల్ని అలసిపోయేలా చేయడానికి వేసింది. అప్పీలు వేసినంత మాత్రాన తీర్పు ఆగదు, కోర్టు స్టే ఇస్తేనే ఆగుతుందన్న సంగతి కూడా ఆమెకు ఎవరూ చెప్పరు. ఇలాంటి చోట, పట్టించుకోని అప్పీలును కొట్టివేయమని అడగడమే ఆమెకు రక్షణ.

కనుక రూలు చెడ్డదని కాదు నా వాదన. ఎందుకు రాలేదు, రాకపోతే లాభపడేది ఎవరు అని చూడకుండా అందరికీ ఒకే ముద్ర కొట్టడం అన్యాయం. రాలేని మనిషినీ, రాకుండా ఆడుకునే మనిషినీ ఒకే గాటన కట్టకూడదు. కొట్టివేయవచ్చు అన్న మాటలో జడ్జికి ఇచ్చిన విచక్షణ ఈ తేడా చూడటానికే.

రెవెన్యూ వైపు కూడా ఒక్క మాట. తెలంగాణలో 2020 చట్టంతో రెవెన్యూ కోర్టులు పోయాయి. పాసుపుస్తకం తగాదాలతో చాలామంది సివిల్ కోర్టు మెట్లెక్కాల్సి వచ్చింది. 2025లో భూభారతి చట్టం వచ్చి రెవెన్యూ అధికారుల దగ్గర అప్పీలు మళ్లీ పెట్టింది. అప్పీలు మెట్లు పెరిగితే హక్కు పెరిగినట్టు కనిపిస్తుంది. ప్రతి మెట్టు దగ్గరా తేదీ ఉంటుంది, గడువు ఉంటుంది, హాజరు ఉంటుంది. అది కూడా లెక్కలో పెట్టుకోండి.

మనం చేయగలిగినవి

ఇక చేయాల్సిన పనులు. ఇవి పెద్ద సిద్ధాంతాలు కావు.

ఒకటి. ప్రతి సంఘంలో ఒక కేసుల పుస్తకం పెట్టండి. ఎవరి కేసు, ఏ కోర్టు, నంబరు, వకీలు, గుమాస్తా ఫోను, వచ్చే పేషీ తేదీ. ఇప్పుడు ప్రతి కేసుకూ సి.ఎన్.ఆర్. అని పదహారు అక్షరాలూ అంకెలూ కలిసిన నంబరు ఉంటుంది. అది తెలిస్తే ఈ-కోర్ట్స్ యాప్‌లో వచ్చే తేదీ, కేసు ఏ దశలో ఉందో చూడవచ్చు. సంఘంలో ఫోను వాడటం వచ్చిన ఒక అమ్మాయి నెలకోసారి అన్ని నంబర్లూ చూస్తే చాలు. ముప్పై రోజుల గడువు దాటకుండా కొట్టివేత సంగతి తెలుస్తుంది. కోర్టు మారి నంబరు మారినప్పుడు ఆ వివరం కూడా పుస్తకంలో ఎక్కించండి.

రెండు. కాగితాలు ఆమె దగ్గరే ఉండాలి. బావ దగ్గరో, వకీలు దగ్గరో కాదు. దావా నకలు, తీర్పు నకలు, అప్పీలు నకలు ఒక సెట్టు సంఘంలోనూ ఉంచండి. వకాలతు మీద ఆమె సొంత ఫోను నంబరు, నోటీసులు నిజంగా అందే చిరునామా రాయించండి.

మూడు. పేషీకి తోడు. మగదిక్కు కోసం చూడకుండా సంఘం నుంచి ఒక స్త్రీ వెళ్లాలి. పాలకుర్తి అప్పట్లో నల్గొండ జిల్లాలోనే ఉండేది. అక్కడ చాకలి ఐలమ్మ విసునూరు దేశముఖ్‌కు ఎదురు నిలిచి పంట కాపాడుకున్నప్పుడు ఆమె వెనక సంఘం ఉంది. భూమి కోసం ఒంటరిగా నిలబడిన స్త్రీ ఎప్పుడూ ఓడిపోతూనే ఉంది. పొలంలోనైనా, కోర్టు వరండాలోనైనా అదే.

నాలుగు. కొట్టేశారని తెలిస్తే ఏడుస్తూ కూచోకండి. మళ్లీ కొత్త దావా వేయమనే మాట వినకండి. ఉత్తర్వు నకలుకు దరఖాస్తు పెట్టండి. 41వ ఆర్డరు 19వ రూలు కింద అప్పీలును మళ్లీ తీసుకొమ్మని, గడువు దాటి ఉంటే దానితోపాటే 5వ సెక్షన్ కింద ఆలస్యాన్ని మన్నించమని అడగండి. ఎక్కడున్నారో, ఎప్పుడు తెలిసిందో, ఎవరు చెప్పారో తేదీలతో రాయండి. ఆస్పత్రి చీటీ, బస్సు టికెట్టు, మేస్త్రీ దగ్గర పని చేసిన రుజువు, పిల్లల బడి మార్పిడి కాగితం, ఏది ఉంటే అది పెట్టండి. ఇలాంటి చిన్న కాగితాలు దాచుకోవడం ఇవాళే అలవాటు చేయండి.

అయిదు. న్యాయ సహాయం. 1987 నాటి న్యాయ సేవల చట్టం 1995 నవంబరు 9 నుంచి అమలులోకి వచ్చింది. దాని 12వ సెక్షన్ ప్రకారం స్త్రీలందరికీ ఉచిత న్యాయ సహాయం ఉంది. ఆదాయం ఎంత అని అడగకూడదు. అప్పీలుకూ, అప్పీలును లేపే దరఖాస్తుకూ కూడా ఇది వర్తిస్తుంది. జిల్లా సంస్థ గానీ మండల కమిటీ గానీ అడగండి. 15100 నంబరుకు ఫోను చేయవచ్చు. ఇచ్చిన వకీలు కేసు ఎలా నడుపుతున్నారో చూడటానికి పర్యవేక్షణ కమిటీలు ఉండాలని 2010 నిబంధనల్లో ఉంది. మీ జిల్లాలో ఆ కమిటీ ఉందా, చివరిసారి ఎప్పుడు కూచున్నది అని రాతపూర్వకంగా అడగండి. లోక్ అదాలత్‌లో రాజీ పడమంటే తొందరపడకండి. అక్కడ ఇచ్చిన అవార్డు మీద అప్పీలు లేదు.

ఆరు. చావు జరిగిన ఇంటికి పరామర్శకు వెళ్లినప్పుడు ఆ ఇంట్లో కోర్టు కేసు ఏదైనా ఉందా అని ఒక్క మాట అడగండి. వినడానికి కటువుగా ఉన్నా తొంభై రోజులు గడిచాక అడిగి లాభం లేదు.

ఇవి మన పనులు. కోర్టులనూ ప్రభుత్వాన్నీ అడగాల్సినవి కొన్ని ఉన్నాయి. వకీలు రాకపోయినంత మాత్రాన అప్పీలు కొట్టేసే ముందు కక్షిదారుకు నేరుగా ఒక నోటీసు, ఒక ఫోను సందేశం పంపాలి. ఆమె భాషలో పంపాలి. 122వ ఆర్టికల్‌లో కూడా తెలిసిన తేదీ నుంచి లెక్క పెట్టే వీలు కల్పించాలి. ప్రతి జిల్లాలో ఏటా ఎన్ని అప్పీళ్లు వాదన జరగకుండా పోయాయి, అందులో స్త్రీలు వేసినవెన్ని అన్న లెక్కను విడిగా ప్రకటించాలి. లెక్క బయటికి వస్తే గానీ ఇది ఒక్కొక్క ఆడమనిషి నిర్లక్ష్యం కాదని, ఒక పద్ధతి అని ఎవరూ ఒప్పుకోరు.

నేను ఇక్కడ ఆపుతాను. మధ్యాహ్నం బృందాలుగా కూచున్నప్పుడు ఒక పని చేద్దాం. మీ సంఘాల్లో కోర్టు కేసున్న ఆడవాళ్ల పేర్లు రాయండి. ప్రతి పేరు పక్కన వచ్చే పేషీ ఎప్పుడో రాయండి. తేదీ తెలియని పేర్లు ఎన్ని ఉంటాయో చూద్దాం. రేపు ఊళ్లకు వెళ్లగానే మొదట ఆ ఇళ్లకే వెళ్లండి.